చక్రధర్ కోలబంతి ఆట

చక్రధర్‌ది తెనాలి. ఇంజనీరింగు కాలేజీలో వికెట్ కీపరు. అక్కడ చదివింది తక్కువ, గ్లవ్స్ తొడుక్కుని వికెట్ల వెనక వంగి కూర్చున్నది ఎక్కువ. ఎలా పాసయ్యాడో ఆ పేపర్లు దిద్దినవాళ్ళకే తెలియాలి. తర్వాత హైదరాబాదు, అక్కణ్ణించి సింగపూరు, ఒక బ్యాంకులో సాఫ్ట్‌వేర్ ఉద్యోగం, బెడోక్‌లో ఫ్లాటు, భార్య నిఖిల, కూతురు ఉజ్వల, కాస్త పొట్ట. ముప్ఫై ఏళ్ళు దాటితే ఇక ఆటలేమిటని మనవాళ్ళు తేల్చేస్తారు కదా, చక్రధర్ కూడా తేల్చేసుకున్నాడు.

అలా బుద్ధిగా ఉన్నవాణ్ణి చెడగొట్టింది ఆఫీసులో పక్క సీటు గ్రెగ్. మెల్‌బోర్న్ మనిషి. శనివారం మా జట్టుకి ఒకడు తక్కువయ్యాడు, ఫుట్‌బాల్ ఆడతావా అని అడిగాడు. ఫుట్‌బాలే కదా, ఓ మూల నిలబడి వచ్చేయొచ్చని మనవాడు సరేనన్నాడు. తీరా వెళ్తే అది ఆస్ట్రేలియావాళ్ళ ఫుట్‌బాల్, బంతి గుండ్రంగా లేదు, కోలగా ఉంది. చివర్న వల లేదు, నాలుగు కర్రలున్నాయి. బంతిని తన్నొచ్చు, పట్టుకోవచ్చు, పిడికిలితో గుద్ది పక్కవాడికి అందించొచ్చు, విసరడం మాత్రం కూడదు. నడిమి కర్రల మధ్యకు తన్నితే ఆరు పాయింట్లు. గురి తప్పి పక్క సందులోంచి పోయినా ఒకటి. తప్పు జవాబుకి కూడా మార్కు వేస్తారని తెలిసేసరికి చక్రధర్‌కి ఆ ఆట మీద ఎక్కడలేని అభిమానం పుట్టుకొచ్చింది.

మొదటి మ్యాచ్‌కి బెడోక్ తెలుగువాళ్ళు పులిహోర డబ్బాలతో సహా తరలివచ్చారు. వాళ్ళకి పెద్దదిక్కు మధుసూదనరావు అంకుల్. రిటైరై కూతురి దగ్గర ఉంటున్నాడు. క్రికెట్ తప్ప మరో ఆట భూమ్మీద ఉందంటే ఒప్పుకోడు. ఆట సగంలో బంతి ఆకాశంలోంచి దిగుతుంటే చక్రధర్ ఎగిరి రెండు చేతులతో శుభ్రంగా పట్టేశాడు. అలా పట్టినవాణ్ణి ఈ ఆటలో ఎవరూ ముట్టుకోకూడదు, వాడు తీరిగ్గా నిలబడి తన్నుకోవచ్చు. కానీ కీపింగు చేసిన చేతులాయె, ఊరుకుంటాయా? "హౌజాట్!" అని అరిచి బంతిని సంబరంగా పైకి ఎగరేశాడు. అవతలివాడు దాన్ని దొరకబుచ్చుకుని, రెండడుగులు వేసి, నడిమి కర్రల మధ్యకు తన్నేశాడు. జట్టు నోరు వెళ్ళబెట్టింది. మన బెడోక్ బృందం మాత్రం లేచి నిలబడి చప్పట్లు కొట్టింది.

ఆ రోజునుంచి అతను క్యాచ్ చక్రి అయ్యాడు. వినాయకచవితి పూజలో, పుట్టినరోజు పార్టీల్లో, హాకర్ సెంటర్‌లో తిండి కోసం నిలబడ్డ క్యూలో కూడా అదే పలకరింపు. "ఏం క్యాచ్ చక్రీ, ఈ వారం ఎవర్ని ఔట్ చేశావయ్యా?" అనేవాడు మధుసూదనరావు. "డాడీ, సో ఎంబరాసింగ్ లా," అని సింగపూరు యాసలో ఉజ్వల తల పట్టుకునేది. చక్రధర్ నవ్వేవాడు గానీ లోపల మండేది.

మండినవాడు మానేస్తాడు. ఇతను పట్టుబట్టాడు. ఆఫీసయ్యాక బ్లాకు కింద బంతిని నేలకి కొట్టి పట్టుకోవడం సాధన చేసేవాడు. ఆ కోలబంతి ఎటు లేస్తుందో దేవుడికే తెలియాలి. ఒకసారి అక్కడ కూర్చున్న చైనీస్ ఆంటీ కాఫీలో పడి, ఆవిడ చేత నాలుగు భాషల్లో తిట్టించింది. రెండు వేళ్ళు వంకరపోయాయి. కుడి మోకాలు వాన వచ్చేముందు కబురు చెప్పడం మొదలుపెట్టింది. సోమవారాలు ఆఫీసుకి పట్టీలతో వెళ్ళి కీబోర్డు మీద తడుముకునేవాడు. ఇంత చేసి చివరికి కర్రల ముందు కాపలా కాసే స్థానం సంపాదించాడు. అక్కడ నిలబడ్డవాణ్ణి ఎవరూ పొగడరు, బంతి వదిలితే మాత్రం అందరూ తిడతారు.

"మనకెందుకండీ ఈ కుమ్ములాట?" అంటూనే నిఖిల మోకాలికి మందు రాసేది. ప్రతి శనివారం మడతకుర్చీ వేసుకుని మైదానం అంచున కూర్చుని ఫోను చూసుకునేది. ఇంట్లో ఉంటే తోచదు కాబట్టి వస్తోందని చక్రధర్ అనుకున్నాడు.

అలా ఏడేళ్ళు గడిచాయి. నలభై నిండాయి. ఈ సీజనుతో సరి, తర్వాత మోకాలికి నేను పూచీ కాదని డాక్టరు చెప్పేశాడు. మిగిలింది ఫైనల్ ఒక్కటే. చక్రధర్‌కి కప్పు మీద ఆశ లేదు. మనవాళ్ళలో ఒక్కరైనా తనని వేళాకోళానికి కాకుండా ఆటగాడిగా చూడాలి, అంతే. సిగ్గు విడిచి ఇంటింటికీ ఫోను చేసి రమ్మన్నాడు. వచ్చారు, పులిహోరతో సహా.

మలేషియాలోని జొహోర్ నుంచి వచ్చిన జట్టు గట్టిది. ఆఖరి నిమిషంలో చక్రధర్ వాళ్ళు రెండు పాయింట్లు ముందున్నారు. అప్పుడు అవతలివాళ్ళు దూరంనుంచి తన్నిన బంతి సరిగ్గా అతని నెత్తిమీదికి దిగింది. వెనకనుంచి తాడిచెట్టంత కుర్రాడు భుజాలమీద చెయ్యివేసి లేస్తున్నాడు. చేతులు క్యాచ్ పట్టమని పోరుతున్నాయి. పట్టులో ఏమాత్రం జారినా ఆ కుర్రాడి చేతికి, ఆరు పాయింట్లు, ఓటమి. చక్రధర్ వేళ్ళు ముడిచి పిడికిలి బిగించాడు. బంతిని ఒక్క గుద్దు గుద్ది పక్క సందులోంచి బయటికి పంపేశాడు. అవతలివాళ్ళకి ఒక్క పాయింటు. సైరన్ మోగింది. ఒక్క పాయింటు తేడాతో గెలిచారు.

జట్టంతా వచ్చి అతని మీద పడింది. ఆ గుట్ట కింద ఉన్నవాడికి బెడోక్ బృందం ఉసూరుమనడం స్పష్టంగా వినిపించింది.

"అయ్యయ్యో! చేతిలో పడ్డ క్యాచ్ వదిలేశాడయ్యా! కీపరు చెయ్యాల్సిన పనేనా ఇది?" అని మధుసూదనరావు నెత్తి కొట్టుకుంటున్నాడు.

చక్రధర్ ప్రాణం ఉసూరుమంది. ఏడేళ్ళూ బూడిదలో పోసిన పన్నీరైందనుకున్నాడు.

"వదిలేయడం కాదంకుల్, అది స్పాయిల్, కావాలనే గుద్దేయడం!" నిఖిల గొంతు. కుర్చీ వెనక్కి పడిపోయింది, మనిషి ఎర్రబడి నిలబడి ఉంది. "పట్టబోతే ఆ పొడుగువాడు లాక్కుపోయేవాడు. ఒకటిచ్చి ఆరు ఆపారు. ఏ శనివారమూ మానకుండా చూస్తున్నాను, ఈయన ఇంతకన్నా గొప్పగా ఎప్పుడూ ఆడలేదు. ఆట తెలియకపోతే తెలుసుకుని మాట్లాడండి!"

మధుసూదనరావు వంగి పడిపోయిన కుర్చీని లేపి నిలబెట్టాడు. గుట్టలోంచి ఒక్కొక్కరే లేచి వెళ్ళారు. చక్రధర్ మాత్రం గడ్డిలో అలాగే కూర్చుండిపోయాడు, మొహం అరచేతుల్లో దాచుకుని. మోకాలు పోయిందనుకుని గ్రెగ్ ఐసు కోసం పరిగెత్తాడు. నిఖిల వచ్చి పక్కన గడ్డిలోనే కూర్చుంది.