కంప తీసిందెవరు

కర్ణాటకలోని పావగడకి వెళ్ళే బస్సు క్యాతగానచెర్లు దాటింది. కిటికీ అవతల కనుచూపు మేరా సోలార్ పలకలు. నా ఒళ్ళో ఉన్న లావుపాటి పుస్తకాన్ని పక్క సీటు పెద్దావిడ వేలితో తట్టి, "ఏముండాది నాయనా ఇందులో?" అంది.

"అంతర్జాతీయ చట్టం అమ్మా. అమెరికా ప్రభుత్వం పరాయి దేశానికి మాటిస్తే, అమెరికా ఫెడరల్ కోర్టులు దానికి కట్టుబడాలా అన్నదాని మీద థీసిస్ రాస్తున్నాను. రెండేళ్ళయినా తేలడం లేదు."

ఆమె గబుక్కున నావైపు తిరిగింది. "మా ఇంట్లో ఇదే జరిగినాది! శెనక్కాయలు పీకినాక మా చేన్లో గొర్రెలు మేపుకోమని మా ఇంటాయప్ప ఆంధ్రా గొర్రెలోళ్ళకి మాటిచ్చినాడు. ఇంట్లో చెప్పలేదు. గొర్రెలొస్తే మా కోడలు ముళ్ళకంప అడ్డమేసి, నాకెవురూ చెప్పలేదు అనింది."

"మరి తప్పు కోడలిదా?"

"చెప్పకుంటే దానికెట్ల తెలుస్తాది? అయినా, ఇంట్లో చెప్పలేదనే సంగతి గొర్రెలోళ్ళకి ఎందుకప్పా? వాళ్ళకి మాటిచ్చింది మా ఇల్లు."

నేను సీట్లోంచి లేచినంత పని చేశాను. నా థీసిస్‌కి రెండు వైపులూ ఆ నాలుగు మాటల్లోనే ఉన్నాయి: ఇంట్లో చట్టం చేయకపోతే కోర్టు కట్టుబడదు, అయినా బయటివాళ్ళకి ఆ దేశం మాట తప్పినట్టే! పెన్ను వెతికి, టికెట్ వెనక రాసుకున్నాను.

"చివరికి ఏమైందమ్మా?"

"ఏమైతాది? మేము వాదులాడుకుంటాంటే గొర్రెలు ఆకలికి ఒకటే అరుపులు. కోడలే పోయి కంప తీసేసింది."

తర్వాతి స్టాపులో ఆమె దిగిపోయింది.

ఇప్పటికీ ఏ తీర్పు చేతికొచ్చినా, అందులో వాదన పక్కనపెట్టి కంప తీసిందెవరో ముందు వెతుకుతాను.