కుంకుమ పొట్లం

నిజామాబాద్‌లో బోధన్ బస్సెక్కి నా పక్కన కూర్చున్నామెను చూడగానే గుర్తుపట్టాను. ఒకప్పుడు సినిమాల్లో హీరో చెల్లెలు, ఇప్పుడు టీవీ సీరియల్లో తల్లి. ఆ వారమే కథలో ఆమె భర్త చనిపోయాడు. బస్సులోనూ ఆమె నుదుట బొట్టు లేదు. పలకరించాలంటే నాకు మొహమాటమేసింది.

ముందు సీట్లోని అవ్వకు ఆ మొహమాటం లేదు. వెనక్కి తిరిగి, "నీ బొట్టు తుడిసిండ్రు గద బిడ్డా! గా దినం నాకు బువ్వ తినబుద్ధి గాలే" అంది. కొంగుముడి విప్పి, గుడి కుంకుమ పొట్లం తీసి నా చేతిలో పెట్టింది.

"నా మొగడు లేడు, నేను పెట్టరాదు. నీ మెడల పుస్తెలున్నయి, నువ్వు పెట్టు బిడ్డా."

నటి ఆ పొట్లం నా దగ్గర్నుంచి తీసుకుని అవ్వ ముందు పట్టింది.

"మీరే పెట్టండవ్వా."

"వద్దు బిడ్డా, నీకు మంచిగ గాదు."

నటి తల వంచి నుదురు అవ్వ ముందుకు పెట్టింది. అవ్వ చుట్టూ చూసి, చివరికి తనే బొట్టు పెట్టింది.

అవ్వ దిగిపోయాక నటి నాతో అన్నది ఒక్కటే మాట: "ఇన్నేళ్లలో ఎన్ని కథల్లో తుడిచారో. మళ్లీ పెట్టింది ఈ అవ్వే."

ఆ రోజు ఎండ బాగా ఉంది. బోధన్ వచ్చేదాకా ఆమె మొహం తుడుచుకుంటూనే ఉంది, బొట్టు చుట్టూ మాత్రమే.