అక్క నొక్కని బెల్లు

మా బావది కరెంటు పని. మా వీధిలో ఏ గుమ్మం ముందు నిలబడి కాలింగ్ బెల్ నొక్కినా అది బావ బిగించిందే అయ్యుంటుంది. ఆయన ఇంటికి మాత్రం బెల్లు లేదు. వచ్చినవాళ్ళు తలుపు బాదాలి, లేదా మా అక్కను కేకేయాలి. అక్క ఏ మూల ఉన్నా పరుగెత్తుకొచ్చి తలుపు తీసేది. మనిషి ఉండగా ఇక బెల్లెందుకు అనుకున్నాడేమో మహానుభావుడు.

ఆ అక్కే స్నానాల గదిలో జారిపడి తుంటి ఎముక విరగ్గొట్టుకుంది. ఆపరేషన్ చేసి ప్లేటు వేశారు. మనిషి సాయం లేకుండా మంచం దిగొద్దని డాక్టరు మరీ మరీ చెప్పాడు. బావ బయటి పనులు మానుకుని, ముందు గదిలోనే బల్ల వేసుకుని, కాలిపోయిన మోటార్లకు తీగ చుట్టడం మొదలుపెట్టాడు. ఒక మధ్యాహ్నం నేనుండే పై వాటాలోంచి దిగి వచ్చేసరికి అక్క మంచం పక్కన నేల మీద కూలబడి ఉంది. గోడకు అవతల బావ మోటారు తిప్పి చూసుకుంటున్నాడు. అదృష్టం బాగుండి ప్లేటు కదల్లేదు గానీ, బావ మాత్రం కుంగిపోయాడు.

"డ్రిల్లింగులు చేసీ చేసీ నా చెవులు పోయాయిరా. పాపం, గొంతు చించుకుని ఉంటుంది. పక్క గదిలో ఉండి కూడా వినిపించుకోలేదు" అన్నాడు. కనిపించినవాళ్ళందరికీ అదే చెప్పుకున్నాడు. అక్క ఔననలేదు, కాదనలేదు.

ఇంకోసారి పడితే నడక మీద ఆశ వదులుకోవాల్సిందేనన్నాడు డాక్టరు. అందుకే నేను వైర్‌లెస్ బెల్లు కొనుక్కొచ్చాను. బటన్ అక్క చేతి దగ్గర, మోగే డబ్బా బావ దగ్గర ఉంటాయని నా ఆలోచన.

"వైరు లేకుండా బెల్లేంట్రా? గాలిని నమ్ముకుని కాపురం చెయ్యమంటావా?" అన్నాడు బావ. అన్నాడే గానీ, డబ్బాను నా చేతిలోంచి లాక్కున్నాడు. దాని వెనక అంటించే టేపు ఉంది. గోడకు నొక్కేస్తే సరిపోయేది. అలా అంటించి వదిలేయడం బావకు నామోషీ. గోడకు కన్నాలు వేసి, బల్లకు ఎదురుగా, స్విచ్‌బోర్డులకు వాడే ఇనుప పెట్టె బిగించి, అందులో ఆ డబ్బాను కూర్చోబెట్టి మూత వేశాడు. స్క్రూల మీది గాట్లన్నీ నిలువుగా నిలబడేదాకా తిప్పాడు. చూడముచ్చటగా ఉంది. తీరా నొక్కితే మోగలేదు.

బ్యాటరీలు మార్చాడు. అయినా మోగలేదు. చేసినవాణ్ణి, అమ్మినవాణ్ణి, చివరికి కొన్న నన్నూ తిట్టాడు. "సరుకు చూసి కొనే తెలివి మీ ఇంటావంటా లేదురా" అన్నాడు.

"నన్ను తెచ్చుకున్నది ఆ ఇంట్లోంచేగా" అంది అక్క లోపల్నించి.

దుకాణంలో తిరిగి ఇచ్చేద్దామని బావ మూత విప్పి డబ్బాను జేబులో వేసుకున్నాడు. నేను బటన్ తేవడానికి అక్క దగ్గరికి వెళ్ళాను. దాన్ని చేతిలోకి తీసుకోవడంలో నా వేలు దాని మీద పడింది. బావ జేబు ఇల్లు అదిరేలా మోగింది. బటన్‌తో గుమ్మంలోకి వచ్చి చూస్తే, ఆయన కాసేపు జేబు వంక, కాసేపు గోడ వంక చూస్తున్నాడు. డబ్బాను మళ్ళీ పెట్టెలో పెట్టి మూశాడు. నొక్కాను, మోగలేదు. మూత తీశాడు. ఈసారి మోగింది.

"ఇనుము అడ్డొచ్చిందిరా. వైరింగు పనిలో అన్నీ పెట్టెలోనే బిగిస్తాం కదా, చెయ్యి అటే పోయింది" అని నసిగాడు. అక్క కళ్ళనీళ్ళు వచ్చేలా నవ్వింది. పడ్డాక ఆమె నవ్వగా చూడటం నాకదే మొదలు.

మర్నాడు డబ్బా బావ చొక్కా జేబులోనే ఉంది. పొద్దుటినుంచీ మోటారు జోలికి పోకుండా జేబు తడుముకుంటూ కూర్చున్నాడు. అది మోగలేదు. సాయంత్రం నేను దిగి వచ్చేసరికి ఇక ఉండబట్టలేక లోపలికి నడిచాడు. నేనూ వెనకే వెళ్ళాను.

"ఎందుకు నొక్కలేదు?"

"మీరు పనిలో ఉంటారు కదా, ఎందుకులే అని."

బావ మంచం పట్టె పట్టుకుని నిలబడ్డాడు. "ఆ రోజు కూడా అంతేనా?"

అక్క దుప్పటి అంచు సర్దుకుంది. "ఆ రోజు నేను పిలవలేదండి. మీ చెవులకేం కాలేదు. పనిలో ఉన్న మనిషిని పిలవడం నాకెప్పుడూ అలవాటు లేదు. నోరు రాలేదు. మీరేమో అందరికీ అలా చెప్పుకుంటుంటే, ఇక ఎలా చెప్పాలో తెలియలేదు."

నాకు అక్క మీద ఒళ్ళు మండింది. ఎవరికే అవసరమొచ్చినా ఎగిరి దూకే మనిషి, తన కోసం ఒక్క కేక వేయలేక మళ్ళీ ఎముకలు విరగ్గొట్టుకునేదా? బావ కూడా నాలుగు తిడతాడనుకున్నాను. తిట్టలేదు. బటన్ ఆమె అరచేతిలో పెట్టి, వేళ్ళు మూసి, ముందు గదిలోకి వెళ్ళిపోయాడు. మోటారు తిరగడం మొదలైంది. కావాలనే తిప్పుతున్నాడని నాకు అర్థమైంది.

అక్క బటన్‌ను నా వైపు చాచింది. నా చేత నొక్కించాలని చూసింది. నేను చేతులు కట్టుకున్నాను. చివరికి తనే నొక్కింది.

మోటారు ఆగింది. బావ గుమ్మంలోకి వచ్చాడు. "ఏం కావాలి?"

"నడుం కింద దిండు జారిపోయింది. కాస్త సరిచేస్తారా?"

"ఎప్పుడు జారింది?"

అక్క మొహం గోడ వైపు తిప్పుకుంది. "పొద్దున."

బావ వంగి, ఆమె వీపు కింద చెయ్యి వేసి, దిండు పైకి జరిపాడు.

"రేపు జారితే, జారగానే నొక్కు" అన్నాడు.