తమ్ముడు పోని వాయిదా

నా తమ్ముడు రేణిగుంట గోదాముల్లో సరుకు వ్యాను నడిపేవాడు. పుత్తూరు రోడ్డులో ఒక మలుపు దగ్గర ముందున్న బస్సును దాటబోయి, ఎదురుగా మోపెడ్ మీద వస్తున్న ఒక పెద్దాయనను గుద్దాడు. ఆయన అక్కడే ప్రాణం వదిలాడు. కింది కోర్టు మావాడికి ఏడాది జైలు వేసింది. తిరుపతి కోర్టులో అప్పీలు వేసి బెయిలు తెచ్చుకున్నాం. ఇక లాయరు చూసుకుంటాడులే అనుకున్నాను.

అప్పీలు వాయిదాలకు చనిపోయినాయన భార్య కూడా వచ్చేది. ఎవరూ రమ్మనకపోయినా వచ్చి, వరండాలో బెంచీ మీద కూర్చుని మావాడినే చూసేది. తిట్టేది కాదు, ఏడ్చేది కాదు. కొన్నాళ్లకు వాడు పోవడం మానేశాడు. ఆ సంగతి నాకు తెలియదు. ఉతికిన చొక్కా వేసుకుని కోర్టుకని బయలుదేరి, ఏ టీకొట్టు దగ్గరో కూర్చుని సాయంత్రానికి ఇల్లు చేరేవాడట. లాయరు ఫోను చేసినా ఎత్తేవాడు కాదు. విసిగి ఆయనా పోవడం మానేశాడు.

ఒక ఉదయం ఇంటి ముందు జీపు ఆగింది.

"అప్పీలు కొట్టేసినారు. బయల్దేరప్పా," అన్నాడు కానిస్టేబులు.

తమ్ముడు ఎందుకని కూడా అడగలేదు. చెప్పులు వేసుకుని జీపెక్కాడు.

ఆ తర్వాత నాకు కాలు ఒకచోట నిలవలేదు. అన్నం కలుపుకుని తినకుండా లేచిపోయేదాన్ని. బస్సెక్కితే దిగి నడిచిపోదామనిపించేది. చివరికి ఒక లాయరమ్మను పట్టుకున్నాను. ఆమె కోర్టు ఉత్తర్వు తెప్పించి చదివింది. ముద్దాయి రాలేదు, లాయరూ రాలేదు, కాబట్టి కొట్టేశాం అని తప్ప అందులో ఇంకేమీ లేదు.

"మనిషి రాలేదని క్రిమినల్ అప్పీలు కొట్టేయకూడదమ్మా," అందామె. "సాక్ష్యాలు చదివి, తప్పో ఒప్పో చెప్పాల. హైకోర్టుకు పోదాం."

జైల్లో ఈ మాట చెబితే తమ్ముడు వద్దన్నాడు.

"ఈడనే బాగుండాదక్కా. ఆయమ్మ మొగం సూడలేను."

"తప్పు నీదైతే జడ్జి చెప్పనీరా. ఏమీ సూడకుండా ఎట్ట కొట్టేస్తారు?"

చాలాసేపు బతిమాలితే వకాలతు మీద సంతకం పెట్టాడు.

హైకోర్టు అప్పీలును మళ్లీ వినమని వెనక్కి పంపింది. వాడు బెయిలు మీద బయటికి వచ్చాడు. వాయిదా నాడు ఎక్కడ జారుకుంటాడోనని ఇల్లంతా వాడి వెనకే తిరిగాను. ఆటోలో వాడి మణికట్టు పట్టుకునే కూర్చున్నాను.

వరండాలో చనిపోయినాయన భార్య ఉంది. మమ్మల్ని చూసి లేచి వచ్చింది.

"ఆ పొద్దు నువ్వు రాలేదు," అంది తమ్ముడితో. "కోర్టోళ్లు నాతో అప్పీలు పోయింది, మీరే గెలిసినారు, పొమ్మన్నారు. మా ఆయన ఎట్ట సచ్చిపోయినాడో ఒక్కరూ నోరెత్తలేదు. దీనికా నేను ఇన్ని మార్లు వచ్చింది?"

తమ్ముడు చేతులు జోడించాడు.

"లోపలికి రా," అందామె.

ఆ రోజు జడ్జి అంతా విన్నారు. మలుపు ఎలా ఉంది, బస్సు ఎంత నెమ్మదిగా పోతోంది, టైర్ల గుర్తులు ఎక్కడ పడ్డాయి, అన్నీ. నేను కొంగు మెలిపెడుతూ నాలుగుసార్లు బయటికి పోయి వచ్చాను. తమ్ముడు మాత్రం కదలకుండా విన్నాడు. తర్వాత తీర్పులో తప్పు మావాడిదేనని తేల్చి, శిక్ష మాత్రం సగానికి తగ్గించారు. ఆమె పూర్తిగా విని, బస్టాండు వైపు వెళ్లిపోయింది.

మిగిలిన శిక్ష ముగించుకుని వచ్చాక వాడు అవే గోదాముల్లో సరుకు దించే పనికి కుదిరాడు. బండి ఇస్తామన్నా వద్దన్నాడు. పని నుంచి వచ్చి తిని పడుకుంటాడు, పడుకోగానే నిద్రపోతాడు. నేను మాత్రం వాడు గుమ్మంలోకి వచ్చేదాకా వాకిట్లోకీ వంటింట్లోకీ తిరుగుతూనే ఉంటాను.