ఇసుక ట్రాక్టరూ, నా ఒప్పుకోలు అర్జీ

ఆ రోజుల్లో నాకు రాయడమంటే ప్రార్థన రాయడమే. ఆయాసం వల్ల నన్ను బడికి పంపలేదు. అమ్మే వంటింట్లో కూర్చోబెట్టి అక్షరాలు దిద్దించింది, బైబిలు చదివించింది. ఆదివారం సంఘానికి వచ్చే పెద్దమ్మలు "మా కోడలి కాన్పు గురించి ఓ విన్నపం రాసిపెట్టమ్మా" అంటే వరసగా రాసేసేదాన్ని: ముందు స్తుతి, తర్వాత ఒప్పుకోలు, ఆ తర్వాతే అడగాల్సింది. పెనుగంచిప్రోలుకీ జగ్గయ్యపేటకీ మధ్యనున్న మా ఊళ్లో నా దస్తూరికి మంచి పేరుండేది (దస్తూరికే, తెలివికి కాదు).

నాకు పంతొమ్మిదేళ్లప్పుడు, వరండా పునాదికి నాన్న మునేటి రేవు నుంచి ఇసుక తెస్తుంటే దారిలో పోలీసులు ట్రాక్టరు ఆపేశారు. ముందురోజు రేవులో డబ్బు కట్టి తీసుకున్న రశీదు చొక్కా జేబులో ఉంది. ఆ చొక్కా ఇంట్లో సబ్బు నీళ్ల బకెట్లో ఉంది (నానబెట్టింది నేనే). రశీదు తడిసిపోయిందంటే నమ్మేవాళ్లెవరు? దొంగ ఇసుక కింద కేసు రాసి, ట్రాక్టరును జగ్గయ్యపేట స్టేషను ఆవరణలో పెట్టారు. ఇక్కడ చూస్తే మిరప నారు ముదిరిపోతోంది. చేను దున్నలేదు. అదనులో అద్దె ట్రాక్టరు దొరకదు. నారు పోతే ఆ ఏటి పంట పోయినట్టే. నందిగామ గనుల శాఖ ఆఫీసులో అర్జీ పెట్టుకోమన్నారు. "నువ్వే రాయి చిన్నీ, మనసు కరిగేట్టు రాయి" అన్నాడు నాన్న. మనసు కరిగే రాత నాకు తెలిసింది ఒక్కటేగా!

నందిగామలో ఆఫీసరు గారి ముందు క్లర్కు గారు నా అర్జీని పైకి చదివారు. "వారం రోజులుగా మా ట్రాక్టరును భద్రంగా కాపాడుతున్నందుకు అయ్యగారికి వందనాలు. మీ ఇంటిల్లిపాదికీ ఆరోగ్యం కలుగును గాక." ఆయన తలెత్తి, "మనల్ని దీవిస్తున్నారండి సార్" అన్నారు.

"చదవండి, చదవండి. ఈ కుర్చీలో కూర్చున్నాక ఎవరూ దీవించలేదు."

"నిరుడు మా పిన్ని గోడకు రశీదు లేకుండా రెండు ట్రిప్పులు ఇసుక తెచ్చాము. మా అపరాధం క్షమించండి. ఈ ట్రిప్పుకు మాత్రం రశీదు తీసుకున్నాము. అది ఉతుకులో పోయింది. ట్రాక్టరు ఇప్పించండి..." క్లర్కు గారు ఒక్క క్షణం ఆగి, "ఆమేన్" అని ముగించారు.

నాన్న మొహంలో నెత్తురు లేదు. "ఎవరడిగారే నిన్ను ఆ రెండు ట్రిప్పుల సంగతి?"

"ఒప్పుకోకుండా ఎట్టా అడుగుతాం నాన్నా?"

"ఏమయ్యా, మీ అమ్మాయి నీ తరఫా, మా తరఫా?" అన్నారు ఆఫీసరు గారు.

"అదే నాకూ తెలీట్లేదండి సార్."

క్లర్కు గారు జాలిపడి, ఆ ముక్క వదిలేసి ఇంకోటి రాసుకురమ్మని తెల్లకాగితం ఇచ్చారు. పెన్ను పట్టుకున్నా. ముదురుతున్న నారు కళ్లముందు కదిలింది, పక్కన నాన్న రాయమని సైగ చేస్తున్నాడు. అయినా చెయ్యి కదల్లేదు. "ఇప్పుడు తీసేస్తే దాచినట్టవుద్దండి" అన్నా, కాగితం వెనక్కిస్తూ.

ఆఫీసరు గారు కళ్లజోడు తీసి క్లర్కు గారి వైపు తిరిగారు. "ఎవరికీ తెలియని రెండింటిని చెప్పిన పిల్ల, మూడోదానికి అబద్ధమెందుకు చెబుద్ది? రేవుకు ఫోన్ చేసి రశీదుల పుస్తకం చూడమనండి." చూశారు. నాన్న పేరు, ట్రాక్టరు నంబరు అందులో ఉన్నాయి. "ట్రాక్టరు తీసుకెళ్లు. కానీ ఆ పాత రెండింటికీ జరిమానా కట్టాల్సిందే" అన్నారు నవ్వుతూ. "అలాగేనండి, దానికేముందండి" అంటూనే నాన్న నావైపు చూసిన చూపు ఇక్కడ రాయదగింది కాదు. మర్నాడే చేను దున్నారు, నారు దక్కింది.

ఇప్పుడు నాకు ముప్పై దాటాయి. పింఛనుకీ, పట్టాకీ, కరెంటు మీటరుకీ మా వీధివాళ్ల అర్జీలన్నీ నేనే రాస్తున్నా. అడగాల్సినంత వరకే రాసి సంతకం పెట్టిస్తా. "హమ్మయ్య, తెలివొచ్చింది" అంటాడు నాన్న. వచ్చింది, నిజమే. దాన్ని నాకు పంతొమ్మిదో ఏటనే ఇవ్వనందుకు మాత్రం దేవునికి ఇప్పటికీ స్తోత్రం చెప్పుకుంటూ ఉంటా.