వేలాడే వంతెన మీద వియ్యపురాళ్లు

ఆ ఆసుపత్రిలో ఆమె అసలు పేరు ఎవరికీ తెలియదు. పెద్ద డాక్టరు మొదలుకొని నేల తుడిచేవాళ్ల దాకా అందరికీ ఆమె లిఫ్టమ్మే. ఎనిమిది అంతస్తుల భవనం. దాని వెనకవైపు, రోగిని మంచంతో సహా ఎక్కించగలిగేంత పెద్ద లిఫ్టు. ఆ లిఫ్టులో మూలగా ఒక ఎత్తుపీట, ఆ పీట మీద లిఫ్టమ్మ. పెళ్లయిన కొత్తలో చేరిన ఉద్యోగం అది. ఇప్పుడు కొడుక్కీ పెళ్లయింది, కోడలు కడుపుతో ఉంది. ఇన్నేళ్లలో ఆమె ఎక్కిన దూరమంతా ఒకదాని మీద ఒకటి పేరిస్తే ఈపాటికి చందమామను చేతితో తాకి ఉండేదని ఆమె భర్త వేళాకోళమాడుతుంటాడు. ఆయన సందు మలుపులో సెలూన్ నడుపుతాడు. కత్తెర ఆగినా నోరు ఆగని మనిషి.

"ఎంత ఎక్కితే ఏం లాభం? మళ్లీ కిందికి దిగాల్సిందేగా," అంటుంది ఆమె.

అంతకు మించి మాట్లాడదు. లిఫ్టులో కూడా ఆమె నోటి నుంచి వచ్చేది ఒక్కటే మాట, "ఎన్నో అంతస్తు?" అని. జవాబు వినగానే మీట నొక్కి, తలుపు వైపు చూస్తూ కూర్చుంటుంది. ఇంట్లోనూ దాదాపు అంతే. కొడుకు చిన్నప్పుడు బడి నుంచి వచ్చి గంటసేపు కబుర్లు చెబితే, అంతా విని, చివరికి తల నిమిరి కంచం ముందు పెట్టేది. ఆ పిల్లాడికి అది చాలు. కానీ లోకమంతా ఆ పిల్లాడిలా ఉండదు కదా.

ముఖ్యంగా వియ్యపురాలు ఉండదు. కోడలి తల్లి బస్సు కండక్టరుగా చేసి, ఈ మధ్యనే ఉద్యోగం నుంచి దిగింది. బస్సు వెనక తలుపు దగ్గర నిలబడి మాట్లాడితే ముందు అద్దం అదిరేదని చెప్పుకునేవారు. ఉద్యోగం పోయింది కానీ గొంతు పోలేదు. పక్కనున్నవాళ్లతో మాట్లాడినా ఎదురు వీధిలో ఉన్నవాళ్లకి చెప్పినట్టే ఉంటుంది.

ఈ ఇద్దరికీ పడదని చెప్పలేం. పడటానికైనా పడకపోవడానికైనా ముందు నాలుగు మాటలు అనుకోవాలిగా! కండక్టరమ్మ పది మాటలంటే లిఫ్టమ్మ "ఊఁ" అనేది. అదేదో తనంటే చిన్నచూపు అనుకుంది కండక్టరమ్మ. పిల్లలు కొత్త ఇంట్లో చేరిన రోజు వంటగదిలో కూతురితో అనేసింది. "మీ అత్తగారు స్విచ్చు నొక్కితే గానీ కదలరే తల్లీ!" అది ఆవిడ రహస్యంగా అన్న మాటే. కాకపోతే ఆవిడ రహస్యం గోడలు దాటుతుంది. పక్క గదిలో దిండ్లకు గలీబులు తొడుగుతున్న లిఫ్టమ్మ చెవిలో పడింది. ఆమె దిండు మీద ఒక దెబ్బ గట్టిగా వేసింది.

అలాంటి ఇద్దరూ కలిసి కొండల్లోని నేషనల్ పార్కుకు బయలుదేరడం కోడలి పుణ్యమే. నిజానికి కొడుకూ కోడలూ తమ కోసం తీసుకున్న టికెట్లు అవి. పొద్దున బయలుదేరి, గైడుతో అడవంతా తిరిగి, చీకటి పడేలోగా ఇల్లు చేరే ఒక్కరోజు యాత్ర. ఈలోగా డాక్టరు, కొండ దారి కుదుపులు ఇప్పుడు వద్దంది. కోడలు తెలివైన పిల్ల. తల్లి దగ్గరికి వెళ్లి, "అమ్మా, మా అత్తయ్య నీతో వెళ్లాలని ముచ్చటపడుతున్నారే," అంది. అత్తగారి దగ్గరికి వచ్చి, "అత్తయ్యా, మా అమ్మ మీతో వెళ్లాలని ముచ్చటపడుతోంది," అంది. ఇంక కాదనేదెవరు?

"దూరపు కొండలు నునుపంటారు," అన్నాడు భర్త, సంచిలో ఉడకబెట్టిన గుడ్ల డబ్బా సర్దుతూ. "దగ్గరికెళ్లి చూసిరా. కొండ సంగతీ తెలుస్తుంది, వియ్యపురాలి సంగతీ తెలుస్తుంది."

మినీ బస్సు లిఫ్టమ్మ వాళ్ల వీధి చివర మందుల షాపు ముందు ఆగేసరికి కండక్టరమ్మ అప్పటికే ముందు వరసలో ఉంది. పక్క సీట్లో సంచి పెట్టి కాపలా కాస్తోంది.

"రండి వదినగారూ, కిటికీ పక్కన కూర్చోండి. నాతో రావాలని అంత ముచ్చటపడ్డారట!"

"నేనా? మీరు ముచ్చటపడ్డారని చెప్పింది కోడలు."

ఇద్దరూ ఒకరి ముఖం ఒకరు చూసుకున్నారు. "గడుసుపిండం!" అంది కండక్టరమ్మ. "దాన్ని కన్నది నేనే. నన్ననుకోవాలి." లిఫ్టమ్మకు నవ్వొచ్చింది కానీ కిటికీ వైపు తిరిగి నవ్వుకుంది.

దారి పొడవునా కండక్టరమ్మ డ్రైవరుకు సాయపడింది. "గేరు మార్చు బాబూ, ఎత్తు వస్తోంది!" "హారను కొట్టు, మలుపు!" డ్రైవరు అద్దంలోంచి ఒకసారి చూసి, తన ఖర్మ అనుకున్నట్టు తల తిప్పుకున్నాడు.

పార్కు గేటు దగ్గర బస్సు దిగి, పైకప్పు లేని జీపెక్కాలి. అక్కడ గైడు కలిశాడు. నెరిసిన గడ్డం, ఆకుపచ్చ చొక్కా, మెడలో బైనాక్యులర్సు. ముప్పై ఏళ్లుగా అడవిలో తిరిగిన మనిషి కావడంతో గొంతు ఎప్పుడో గుసగుసగా మారిపోయింది. గట్టిగా మాట్లాడకూడదు, జీపు దిగి పక్కకు వెళ్లకూడదు, తినే వస్తువేదీ జంతువులకు వేయకూడదు అని చెప్పాడు. ఆయన చెప్పింది ముందు సీటు దాటి వినపడలేదు. వెనక సీట్లో ఒక కొత్త జంటా, రెండు కెమెరాలు మెడలో వేలాడేసుకున్న ఒకాయనా ఉన్నారు.

జీపు అడవిలోకి దిగగానే చలి వచ్చి ఒళ్లో కూర్చుంది. చెట్ల మొదళ్లకు నాచు తివాచీలా పట్టింది. ఒక మాను మీద ఎలుగుబంటి గోళ్లతో గీరిన చారలు మనిషి ఎత్తుకు పైగా ఉన్నాయి. గైడు జీపు ఆపించి, కొమ్మ చివర ఎర్రటి పిట్టను చూపించి ఏదో గొణిగాడు.

కండక్టరమ్మ వెంటనే వెనక్కి తిరిగింది. "వెనకవాళ్లకి వినపడిందా? ఎడమ పక్క, మూడో కొమ్మ, ఎర్ర పిట్ట! మగదట!"

ఎర్ర పిట్టే కాదు, ఆ చెట్టు మీదున్న పిట్టలన్నీ ఒక్కసారిగా లేచిపోయాయి. కెమెరాల ఆయన నుదురు కొట్టుకున్నాడు. గైడు రెండు చేతులూ జోడించాడు. "అమ్మా, అడవిలో మన మాట మనకి వినపడితే చాలు."

కండక్టరమ్మ ముఖం చిన్నబోయింది. అరచేత్తో నోరు మూసుకుని, ముళ్ల మీద కూర్చున్నట్టు కూర్చుంది. ఆమెను అలా చూస్తే లిఫ్టమ్మకు జాలేసింది. తనకు తోచిన సాయంగా సంచిలోంచి ఒక గుడ్డు తీసి చేతిలో పెట్టింది. నోటికి కాస్త పని దొరికింది.

మధ్యాహ్నానికి చెట్లు పొట్టివై, ఆకాశం పెద్దదయింది. జీపు ఒక లోయ అంచున ఆగింది. లోయ మీద ఇనుప తాళ్ల వంతెన, దాని మీద చెక్క పలకలు. అవతల ఎండలో పచ్చిక మైదానం మెరుస్తోంది. "కొండమేకలు ఈ మధ్యనే పిల్లల్ని పెట్టాయి. అవతలికి నడిస్తే కనిపిస్తాయి," అన్నాడు గైడు. "నడవలేనివాళ్లు ఇక్కడ బల్ల మీద కూర్చోవచ్చు."

కొత్త జంట నవ్వుకుంటూ దాటేసింది. కెమెరాల ఆయన, గైడు కూడా దాటారు. లిఫ్టమ్మ మామూలుగానే అడుగు వేసింది. ఎనిమిది అంతస్తులు రోజూ ఎక్కి దిగే మనిషికి వంతెన ఒక లెక్కా? నాలుగు పలకలు దాటాక, సందులోంచి కింద నది కనిపించింది. అంత పెద్ద నది తెల్ల దారప్పోగులా ఉంది.

అంతే. కాళ్లు పలకలకు మేకులతో దిగ్గొట్టినట్టయిపోయాయి. రెండు చేతులతో తాళ్లు పట్టుకుని నిలబడిపోయింది. తనకు ఎత్తంటే భయమని ఆమెకు అప్పుడే తెలిసింది. లిఫ్టుకు నాలుగు వైపులా రేకు గోడలు. ఎంత పైకి వెళ్లినా వెళ్లినట్టు తలుపు మీది అంకె చెప్పేదే కానీ, కళ్లు ఏనాడూ చెప్పలేదు.

"వదినగారూ, ఏమైంది?" అంది వెనక నుంచి కండక్టరమ్మ.

"కాళ్లు రావట్లేదు."

"పోనీ వెనక్కి వెళ్దామా?"

"వెనక్కీ రావట్లేదు."

అవతలి నుంచి గైడు రాబోతుంటే కండక్టరమ్మ వద్దని చెయ్యి ఊపింది. ఇద్దరు నడిస్తేనే ఊగే వంతెన, మూడో మనిషి ఎందుకు? లిఫ్టమ్మ వెనకే వచ్చి, వీపు మీద అరచెయ్యి ఆనించింది. ఆవిడ గొంతు అంత మెత్తగా ఉండగలదని వియ్యమందిన ఈ రెండేళ్లలో లిఫ్టమ్మకు తెలియదు.

"మోకాళ్లు బిగబట్టేశారు. కాస్త వదులు చెయ్యండి. బస్సులో కూడా ఇంతే వదినగారూ. అది ఎటు ఊగితే మనమూ అటే కొంచెం ఊగాలి. ఎదురు తిరిగామా, పడ్డామే."

"మీరెప్పుడైనా పడ్డారా?"

"చేరిన మొదటి రోజే! ఒక ముసలాయన ఒళ్లో పడ్డాను. పక్కనే ఆయన పెళ్లాం ఉంది. చేతిలో గొడుగుంది."

లిఫ్టమ్మకు నవ్వు ఆగలేదు. నవ్వితే ఒళ్లంతా కదిలింది, ఒళ్లు కదిలితే మోకాళ్లు వదులయ్యాయి.

"ఆఁ, అలాగే. అవతల ఆ బండరాయి ఉంది చూడండి, దాన్నే చూస్తూ ఉండండి. నా చెయ్యి మీ వీపు మీదే ఉంది. రైట్… రైట్…"

బస్సును కదిలించే ఆ మాటనే, పసిపిల్లను జోకొట్టినట్టు మెల్లగా అంటూ ఒక్కొక్క పలకే దాటించింది. అవతల నేల మీద కాలు పెట్టగానే లిఫ్టమ్మకు ప్రాణం లేచొచ్చింది. పచ్చికలో చతికిలబడింది. గైడు ఫ్లాస్కులోంచి వేడి టీ పోసిచ్చి, వెళ్లి మిగతావాళ్లకు మేకల్ని చూపించసాగాడు.

ఎదురుగా నిట్టనిలువు బండ మీద కొండమేకలు గోడకు అతికించినట్టు నిలబడి ఉన్నాయి. పిల్లలు మాత్రం నిలకడ లేకుండా ఒక రాయి మీద నుంచి ఇంకో రాయి మీదకు ఊరికే గెంతుతున్నాయి. ఇద్దరూ చాలాసేపు వాటినే చూశారు. ముందు మాట్లాడింది లిఫ్టమ్మ.

"స్విచ్చు నొక్కితే గానీ కదలనని అన్నారు కదూ నన్ను."

కండక్టరమ్మ నాలుక కరుచుకుంది. "అయ్యో! విన్నారా?"

"మీ మాట వినకుండా ఉండటం కష్టం కదా."

"నోరు జారింది వదినగారూ. తప్పే. మీరు మాట్లాడకపోతే నేనంటే గిట్టదేమో అనుకున్నాను."

"అదేం లేదు." లిఫ్టమ్మ గ్లాసును రెండు చేతులతో పట్టుకుంది. "కొత్తలో నేనూ బాగానే మాట్లాడేదాన్ని. ఎక్కినవాళ్లనల్లా పలకరించేదాన్ని. ఒకరోజు ఒకామె కిందికి దిగుతుంటే, 'మీ ఆయనకెలా ఉంది, తగ్గిందా?' అనడిగాను. ఆమె లిఫ్టులోనే కూలబడిపోయింది. అప్పుడే పోయాడట. అడక్కపోతే గుమ్మం దాకా నిబ్బరంగా వెళ్లేదేమో! అప్పట్నుంచి ఎవర్నీ ఏమీ అడగడం మానేశాను. పోను పోను అదే ఇంటికీ అలవాటైపోయింది."

కండక్టరమ్మ వెంటనే ఏమీ అనలేదు. ఆవిడకది అలవాటు లేని పని. కాసేపటికి, "మరి పిల్ల పుట్టిందని ఆనందంగా దిగేవాళ్లో?" అంది.

"వాళ్లు అడక్కుండానే చెప్తారు. స్వీట్లు కూడా పెడతారు."

"నాది తిరగేసిన కథ," అంది కండక్టరమ్మ. "రోజంతా కిటకిటలాడే బస్సులో బతికాను. ఇప్పుడు ఇంట్లో నేనూ, ఫ్రిజ్జు చప్పుడూ. మనిషి కనిపిస్తే చాలు, రేపటిక్కూడా కలిపి మాట్లాడేస్తాను."

ఆ సంగతి లిఫ్టమ్మకు ఎప్పుడూ తట్టలేదు. గుడ్ల డబ్బా మూత తీసి ఇద్దరి మధ్యా పెట్టింది. "ఆదివారాలు నాకు సెలవు. వచ్చేయండి. మా ఇంట్లో మాట్లాడటానికి ఆయనా, వినటానికి నేనూ ఉన్నాం."

"అన్నయ్యగారితో పోటీ పడగలనంటారా?"

"చూద్దాం. ఆయన మాటలకీ ఒక సరిజోడు కావాలి."

తిరుగు ప్రయాణం వేళకు గైడు వచ్చి, చుట్టుదారి ఒకటుందనీ, కావాలంటే జీపును అటు రమ్మంటాననీ చెప్పాడు. లిఫ్టమ్మ వంతెన వైపు చూసి, "వద్దండీ, వంతెన మీదే వస్తాను," అంది. ఈసారీ వీపు మీద చెయ్యి ఉంది. ఈసారీ రెండు చేతులూ తాళ్లను వదల్లేదు. భయం ఎక్కడికీ పోలేదు. కానీ వంతెన నడుమకు వచ్చాక తనంతట తానే ఆగి, కిందికి చూసింది. నదికీ వంతెనకీ మధ్య ఒక డేగ రెక్కలు చాచి తేలుతోంది. వీపంతా గోధుమ రంగు, మెడ దగ్గర బంగారు మెరుపు. ఎగిరే పక్షిని పైనుంచి చూడటం ఆమె బతుకులో అదే మొదలు.

"వదినగారూ," అంది గుసగుసగా, "కింద చూడండి, పక్షి!"

కండక్టరమ్మ చూసింది. నోరు తెరిచింది. గైడు కంగారుగా ఇటు తిరిగాడు. ఆవిడ మళ్లీ నోరు మూసుకుని, వియ్యపురాలి భుజం గట్టిగా పట్టుకుంది.

చీకటి పడేవేళకు పిల్లల ఇంటికి చేరారు. కోడలు వేడి సూపు గిన్నెల్లో పోసి పెట్టింది. కొడుకూ, సెలూన్ మూసి వచ్చిన భర్తా ఎదురుచూస్తున్నారు.

"ఎలా జరిగింది? వంతెన ఉంటుందన్నారు, భయం వేయలేదా?" అనడిగింది కోడలు.

"భయమా? మీ అత్తగారికా?" కండక్టరమ్మ గదమాయించింది. "చకచకా నడిచేశారు. నేనే వెనకబడ్డాను."

లిఫ్టమ్మ చెంచా కింద పెట్టింది. "అబద్ధం. నాలుగు పలకలు దాటి కొయ్యలా నిలబడిపోయాను. ముందుకీ రాను, వెనక్కీ రాను. మీ అమ్మే దాటించింది. మొదట్నుంచీ చెప్తాను వినండి…"

చెప్పడం మొదలుపెట్టింది. ఎర్ర పిట్ట, ఎలుగుబంటి గోళ్లు, ముసలాయన ఒడి, గొడుగు. ఎక్కడైనా ఒక ముక్క వదిలితే కండక్టరమ్మ అందించింది. కొడుకు తల్లి నోటివైపే చూస్తూ తినడం మరిచిపోయాడు. భర్త రెండుసార్లు మధ్యలో దూరబోయి, చోటు దొరక్క ఊరుకున్నాడు. చల్లారిన సూపును కోడలు మళ్లీ వేడి చేసి తెచ్చేసరికి, లిఫ్టమ్మ ఇంకా వంతెన మీదే ఉంది.