నాన్న మర్చిపోయిన గొడుగు

నా చిన్నప్పుడు నాకు కోపం ముక్కు మీదే ఉండేది. ఇప్పుడు జుట్టు నెరుస్తోంది గానీ కోపం చోటు మారలేదు. అప్పట్లో అదంతా మా నాన్న మీదే. ఐర్లండ్‌లో ఎక్కడ చూసినా సాఫ్ట్‌వేర్ ఆఫీసులు తెరుస్తున్న రోజులవి. మేం క్లోనీ అనే ఊళ్ళో కుదురుకున్నామో లేదో, మాతో మాటైనా అనకుండా నాన్న ఎక్కడో దూరాన కార్క్ నగరంలో ఉద్యోగం ఒప్పుకున్నాడు. అమ్మ ఉద్యోగం ఇక్కడే. ఇక సోమవారం వెళ్తే శుక్రవారమే రావడం.

మొదటి సోమవారం పొద్దున గుమ్మంలో నిలబడి "వెళ్ళొస్తా తల్లీ" అన్నాడు. నా తెలుగు అంతంతమాత్రమే అయినా ఏ మాట గుచ్చుకుంటుందో బాగా తెలుసు. "పో" అన్నాను. అమ్మ మొహం మాడిపోయింది. నాన్న కారు దాకా వెళ్ళి, గొడుగు మర్చిపోయానని తిరిగొచ్చాడు. మళ్ళీ వెళ్ళి, ఛార్జర్ అంటూ వచ్చాడు. మూడోసారి కళ్ళజోడు అన్నాడు. అది ఆయన కళ్ళకే ఉంది. వెళ్ళేవాడికి ఇన్ని వంకలేమిటని నాకు ఒళ్ళు మండింది. శుక్రవారం వచ్చినా పలకలేదు.

మర్నాడు పక్కింటి ఆంటీ నన్ను లైబ్రరీలో వేస్తున్న పాత మూకీ సినిమాకి లాక్కెళ్ళింది. ఆవిడ ములింగార్ ఆసుపత్రిలో డాక్టరు, అమ్మకి స్నేహితురాలు. చిన్న సినిమా. ఒంటరి బాటసారి ఒకడు సంచీ భుజాన వేసుకుని ఇంట్లోంచి బయల్దేరతాడు, గేటు దాకా వెళ్ళి వెనక్కొస్తాడు. మళ్ళీ వెళ్తాడు, మళ్ళీ వస్తాడు. వీడికేమైనా పిచ్చా, వెళ్తే వెళ్ళొచ్చుగా అని ఇంగ్లీషులో విసుక్కున్నాను.

"బొమ్మకి మాటల్లేవు కదా, నువ్వే పెట్టు. గేటు దగ్గర ఏమంటున్నాడు?" అంది ఆంటీ.

"వెళ్ళొస్తా" అన్నాను, మూతి ముడుచుకుని.

"మరి లోపలివాళ్ళేమన్నారు?"

తెర మీద మూసిన తలుపు తప్ప ఏమీ లేదు. నా నోటి దాకా వచ్చింది ఆ సోమవారం నాన్నతో నేనన్న మాటే. పైకి అనలేకపోయాను. వాడు మళ్ళీ వెనక్కి తిరిగాడు. నాన్న కళ్ళజోడు గుర్తొచ్చింది. అమ్మ ఆంటీకి అంతా చెప్పేసిందని అర్థమై, ఆవిడ మీద కూడా మండింది. ఇంటికొచ్చేదాకా ఆవిడ చెయ్యి పట్టుకోలేదు.

సోమవారం వచ్చింది. నా కోపం తగ్గలేదు. మమ్మల్ని అడక్కుండా ఒప్పుకోవడం తప్పే, ఈ రోజుకీ తప్పే అంటాను. అయినా గుమ్మం దాకా వెళ్ళి, పళ్ళు బిగించి, "వెళ్ళి రా నాన్నా" అన్నాను. నాన్న తలూపి కారెక్కాడు, మళ్ళీ వెనక్కి రాలేదు. ఆ రోజు గొడుగు నిజంగానే మర్చిపోయాడు.

ఇప్పటికీ ఇంట్లో ఎవరితో ఎంత పోట్లాడుతున్నా, వాళ్ళు బయల్దేరితే గుమ్మం దాకా వెళ్ళి ఆ మాట అంటాను. మిగతా తిట్లు తిరిగొచ్చాక.